ఉగాది నుంచి ఉగాది దాకా

మొన్న కంటి డాక్టరుకు చూపించుకుందామని జగ్గయ్యపేటలో నందిగామ బస్సెక్కాను. చిల్లకల్లు దగ్గర హైవే ఎక్కే ముందు బస్సు కాసేపు ఆగింది. కిటికీలోంచి చూద్దును గదా, ఎదురుగా ఇంటెత్తు ఫ్లెక్సీ. ఎవరో కుర్రాళ్లు కొత్తగా యువజన సంఘం పెట్టుకున్నట్టున్నారు. ‘నూతన కార్యవర్గ ప్రమాణ స్వీకారోత్సవం’ అని పైన ఎర్రటి అక్షరాలు, కింద దండాలు పెడుతూ బోలెడు ముఖాలు. అధ్యక్షుడి ఫొటో పెళ్లికొడుకు ఫొటో అంత ఉంది, కోశాధికారిది పాపం పాస్‌పోర్టు సైజే. అడుగున ఓ మూల ‘పదవీకాలం రెండు సంవత్సరాలు’ అని రాసి ఉంది. కళ్లు మసకేశాయని డాక్టరు దగ్గరికి పోతున్న మనిషిని నేను, బస్సు ఎక్కడికి పోతుందో కండక్టరుని అడిగి ఎక్కాను. ఆ చీమతలకాయంత అక్షరాలు మాత్రం ఠక్కున కనపడ్డాయి. పక్కసీటావిడ నా వాలకం చూసి ‘ఏమైందండీ, కంట్లో దుమ్ము పడిందా?’ అంటూ నీళ్ల బాటిలు ఇచ్చింది. అవునండీ అన్నాను. నందిగామ చేరేదాకా ఆ దుమ్ము పోలేదు.

మా తమ్ముడు నాకంటే బాగా చిన్నవాడు. నా పెళ్లినాటికి వాడు మూడో తరగతి. నాన్న అంతకుముందే పోయాడు, నా పెళ్లయిన మరుసటేడే అమ్మ కూడా పోయింది. వాడు పుస్తకాల సంచీ భుజాన వేసుకుని, గోళీల డబ్బా గలగలలాడించుకుంటూ మా ఇంటికి వచ్చేశాడు. ‘సారె ఆలస్యంగా వచ్చిందే’ అని వీధిలో ఆడవాళ్లు నన్ను ఆటపట్టించేవాళ్లు. మా ఆయన ఒక్కనాడు మొహం చిట్లించలేదు. సైకిలు ముందు కడ్డీకి తువ్వాలు చుట్టి, దాని మీద వాణ్ణి కూర్చోబెట్టుకుని ఊరంతా తిప్పేవారు. వాడికి ఈత నేర్పింది ఆయనే, లెక్కల్లో తప్పితే మాస్టారి దగ్గరికి పోయి మాట పడింది ఆయనే, మొదటిసారి గడ్డం గీసుకుంటూ చెంప కోసుకుంటే పటికముక్క రాసింది కూడా ఆయనే. బావా బావమరుదులంటే ఎగతాళి మాటలు తప్ప ఇంకేం ఉంటాయి చెప్పండి లోకంలో. వీళ్లిద్దరి మధ్య అంతకంటే పెద్దదేదో ఉండేది. దానికి పేరేమిటో నాకు ఇప్పటికీ తెలియదు.

మా ఆయన బీమా ఏజెంటు. ఆయనకు గడువు అనే మాట మీద ఉన్న భక్తి దేవుడి మీద కూడా లేదు. ఒకరోజు ఆలస్యంగా ప్రీమియం పట్టుకొచ్చిన రైతు గుమ్మంలో నిలబడి బతిమాలుతుంటే, ‘బాబాయ్, నేను నీవాణ్ణే. గడువు మాత్రం నీదీ కాదు నాదీ కాదు’ అనేవారు. ఇంట్లో మందుసీసా మీద తేదీ దాటిందంటే ఆ పూటే చెత్తబుట్టలోకి పోవాల్సిందే. తలనొప్పి తేదీ చూసుకుని రాదు గదండీ అంటే వినరు. మంచి మనిషే, కానీ పట్టిన కుందేలుకి మూడే కాళ్లు. అలాంటి మనిషితో నలభై ఏళ్లు కాపురం చేశానంటే నా ఓపికకు కూడా ఓ సన్మానం చెయ్యొచ్చు.

ఆయన కుర్రతనంలో నలుగురు స్నేహితుల్ని పోగేసి మా వీధిలో యువజన సంఘం పెట్టారు. వాలీబాల్ కోర్టు, ఎండాకాలం చలివేంద్రం, రక్తదానం, చవితికి పందిరి, ఇవీ పనులు. సంఘం నియమాలన్నీ ఉండే బైలా ఆయనే మా వసారాలో కూర్చుని స్వదస్తూరితో రాశారు, టీలు నేనే మోశాను. సభ్యులకు వయసు ముప్పై దాటకూడదని రాశారు. తీరా రాసినవాళ్లకే ముప్పై నిండవచ్చేసరికి సవరించి ముప్పై ఐదు చేశారు. ఆ ముచ్చటా తీరాక నలభై అన్నారు. అలా బైలా సవరించినప్పుడల్లా మా వీధిలో యవ్వనం ఐదేళ్లు పెరుగుతూ పోయింది. చివరికి జుట్టుకు రంగేసుకున్నా లాభం లేదని తేలాక మా ఆయన గౌరవాధ్యక్షుడై పక్కకు జరిగారు. కొన్నాళ్లకి సంఘం మా తమ్ముడి చేతికొచ్చింది. వాడి కోసం మళ్లీ ఐదేళ్లు పెంచారనుకోండి.

తమ్ముడిది షామియానా, మైకు సెట్టు వ్యాపారం. పెళ్లి పందిరి వేసినా, చావు పందిరి వేసినా ఒక్కలాగే ఒళ్లు వంచేవాడు. మనిషి పలచన, గొంతు పెద్దది. మైకు పరీక్షించడానికి అందరూ హలో హలో అంటే వీడు మాత్రం ‘అక్కా, అన్నం పెట్టు’ అనేవాడు. నాలుగు వీధుల అవతల బజార్లో వాడి మైకు మోగితే పోస్టాఫీసు కౌంటర్లో ఉద్యోగం చేసుకుంటున్న నాకు వినపడేది, క్యూలో జనం నవ్వేవాళ్లు. అధ్యక్షుడయ్యాక వాడు చేసిన పెద్ద పని సంఘానికి ఫ్రీజర్ బాక్స్ కొనిపించడం. మా వైపు ఎండలు మీకు తెలియనివి కావు. సున్నపురాయి నేల, ఏప్రిల్ వచ్చిందంటే కింద పెనం, పైన నిప్పులు. పోయిన మనిషిని దూరాన ఉన్న బిడ్డలు వచ్చేదాకా ఉంచాలంటే నరకం. లేనివాళ్లు అద్దె పెట్టెలు తెచ్చుకోలేరు. అందుకని ఇంటింటికీ తిరిగి చందాలడిగి పెట్టె తెప్పించాడు. ఎవరింట్లో చావు కబురొచ్చినా కులం, మతం, వీధి అడక్కుండా తన వ్యానులో తనే పెట్టుకుపోయి దింపేవాడు. ‘చివరిచూపు బాకీ ఉండకూడదక్కా’ అనేవాడు. వాడి నోట వేదాంతం నేను విన్నది అదొక్కటే.

ఇప్పుడు ఉగాది సంగతి చెప్పాలి, అసలు తంటా అంతా అక్కడే ఉంది. కమిటీకి గడువు రెండు సంవత్సరాలని బైలాలో ఉంది. కానీ మా సంఘం ఏనాడూ ఇంగ్లీషు క్యాలెండరు చూసి ఎరగదు. ఉగాది పొద్దున పంతులుగారొచ్చి పంచాంగం చదివేవారు. ఆదాయ వ్యయాలు, రాజపూజ్యాలు, అవమానాలు అన్నీ అయ్యాక ఎన్నిక చేతులెత్తి జరిగేది. పాత అధ్యక్షుడు కొత్తవాడికి భవనం తాళంచెవి ఇచ్చి, దోసిట్లో ఉగాది పచ్చడి పోసేవాడు. వాడు గుటుక్కున మింగి, చేదుకి మొహం వికారంగా పెట్టాడంటే ప్రమాణ స్వీకారం అయిపోయినట్టే. అంచేత అందరి లెక్కా ఉగాది నుంచి ఉగాది దాకా. ఉగాదేమో ప్రతి ఏడూ ఒకే తేదీన రాదాయె. అధిక మాసం పడితే ఆ తర్వాతి ఉగాది ఇంకా ఆలస్యమవుతుంది. తమ్ముడి అధ్యక్షత రెండో ఏట అధిక శ్రావణం వచ్చింది. ఇంగ్లీషు లెక్కన వాడి రెండేళ్లూ నిండేసరికి ఉగాది ఇంకా వారం దూరంలో ఉంది.

ఆ వారం ఎవరికీ పట్టేది కాదు. కానీ ఆ వారంలోనే వాడు చర్చి వీధి కుర్రాళ్లందరికీ సభ్యత్వం ఇచ్చేశాడు. ఈ కుర్రాళ్లు ఏళ్ల తరబడి సంఘంతో కలిసి వాలీబాల్ ఆడినవాళ్లే. రక్తం కావాలని ఫోనొస్తే ముందు పరిగెత్తేది వాళ్లే, పందిళ్లకు గుంటలు తీసేదీ వాళ్లే. సభ్యత్వం దగ్గరికొచ్చేసరికి మాత్రం ‘వచ్చే మీటింగులో చూద్దాం’ అనేవాళ్లు పెద్దలు. ఆ వచ్చే మీటింగు ఎన్నటికీ రాలేదు. దిగిపోయేలోగా ఆ పని చేసి పోవాలని తమ్ముడు పట్టుబట్టి సంతకాలు పెట్టేశాడు. ఇక ఉగాదినాడు వాళ్లూ చెయ్యెత్తుతారు, వాళ్లలో ఒకడు కమిటీలోకీ వస్తాడు. దాంతో పాత సభ్యుల కడుపులో కాలింది. కులం పేరెత్తితే పరువు తక్కువ, పైగా కేసవుతుంది. గడువు పేరెత్తితే మర్యాదగా ఉంటుంది. గుంపుగా మా ఇంటికొచ్చి, ‘బైలా రాసింది మీరే గదండీ, రెండేళ్లంటే రెండేళ్లా కాదా మీరే చెప్పండి’ అన్నారు. ఎక్కడ నొక్కితే మా ఆయన పలుకుతారో వాళ్లకు బాగా తెలుసు. ఆయనకు ఆ పట్టింపులు లేవు. చర్చి వీధి పాస్టరుగారు మా హాల్లో కూర్చుని టీ తాగి పోయేవారు. కానీ గడువు దాటాక పెట్టిన సంతకం అనేసరికి ఆయన చెవులు మూసుకుపోయాయి. వెనకాల ఎవరి మంట ఏమిటో నేను విడమరిచి చెప్పబోతే, ‘నీకు రూల్సు తెలియవు’ అన్నారు.

ఆ సాయంత్రం తమ్ముడే వచ్చాడు. వచ్చి ఎప్పటిలాగే వంటింటి గడప మీద కూర్చున్నాడు.

‘బావా, ఏనాడన్నా మనం ఇంగ్లీషు తేదీ చూశామా? నీ ఎదురుగా నాకు తాళంచెవి ఇచ్చింది ఉగాదినాడేగా?’

‘బైలాలో ఉగాది అని లేదురా.’

‘రాసింది నువ్వేగా!’

‘అందుకే చెప్తున్నా. తేదీ దాటాక పెట్టిన సంతకం చెల్లదు. వెనక్కి తీసుకో. ఉగాది తర్వాత కొత్త కమిటీ చూసుకుంటుంది.’

‘వాళ్లు చూస్తారా బావా? గుండె మీద చెయ్యేసుకుని చెప్పు.’

మా ఆయన గోడ మీది క్యాలెండరు వంక తిరిగారు. తమ్ముడు నా వంక చూసి, ‘టీ వద్దులే అక్కా’ అని లేచిపోయాడు. నా ఇంట్లో వాడు టీ వద్దనడం అదే మొదలు. వాడి వెనకే వీధి మలుపు దాకా వెళ్లాను. ‘బావకి పెద్దవాళ్ల గాలి సోకిందక్కా, తగ్గుద్దిలే’ అని నవ్వాడు.

తగ్గలేదు. ఉగాదినాడు రెండు గుంపులు, రెండు ఎన్నికలు, రెండు గిన్నెల్లో పచ్చడి. పంతులుగారు ఎవరి ముందు కూర్చోవాలో తెలియక కడుపునొప్పని ఇంటికి పోయారు. మర్నాటికి సంఘం భవనం తలుపుకి రెండు తాళాలు. ఒకటి మా ఆయన వాళ్లు వేసింది, ఒకటి మా తమ్ముడి వాళ్లు వేసింది. నందిగామలో దావా పడింది. మొదటి వాది మా ఆయన, ఆయన వెనక పాత సభ్యులు కొందరు, ప్రతివాది మా తమ్ముడు. సమను పుచ్చుకున్న రోజు వాడు దాన్ని ఫొటో తీసి నాకు పంపాడు. కింద ‘అక్కా, బావ నాకు మొదటిసారి ఉత్తరం రాశాడు’ అని పెట్టాడు. నవ్వాలో ఏడవాలో తెలియక ఫోను బియ్యం డబ్బా మీద బోర్లా పెట్టేశాను.

సంఘాల తగువు ఈ కోర్టులో నడుస్తుందా జిల్లా కోర్టుకి పోవాలా అన్న వాదన మీదే చాలాకాలం గడిచింది. ఒకసారి వీళ్ల లాయరు వాయిదా అడిగేవాడు, ఒకసారి వాళ్ల లాయరు అడిగేవాడు. ఈలోపు, తేలేదాకా ఎక్కడివక్కడే ఉండాలి, ఎవరూ ఏమీ కదపకూడదని స్టేటస్ కో ఇచ్చారు. రెండు తాళాలూ అలాగే ఉండిపోయాయి, లోపల బెంచీలు, వాలీబాల్ నెట్లు, ఆ ఫ్రీజర్ బాక్స్ అన్నీ అలాగే ఉండిపోయాయి. వాయిదా రోజు ఇద్దరూ జగ్గయ్యపేట నుంచి బయల్దేరేవాళ్లు. మొదట్లో వేరే వేరే బస్సులు ఎక్కేవాళ్లు. తర్వాత విసుగుపుట్టి ఒకే బస్సు ఎక్కి, ఒకాయన ముందు సీట్లో, ఒకడు వెనక సీట్లో. అడకత్తెరలో పోకచెక్కంటే నేనే. నేను రెండు కేరియర్లు కట్టేదాన్ని, ఒకదాంట్లో కారం ఎక్కువ, తమ్ముడికి అలా ఉండాలి. రెండూ మా ఆయన చేతికే ఇచ్చేదాన్ని. ఆయన ఎందుకని అడగలేదు, నేనూ చెప్పలేదు. కోర్టు వరండాలో ఒక కేరియరు బెంచీ చివర పెట్టి ఆయన అటు తిరిగి కూర్చునేవారట. కాసేపటికి వాడొచ్చి, ఇటు తిరిగి కూర్చుని తినేవాడట. ఆ ప్రాంగణంలో టీ అమ్మే ఆవిడ నాకీ సంగతి చెప్పింది. సాయంత్రానికి రెండు కేరియర్లూ కడిగి ఇంటికొచ్చేవి. నాకు ఆ ఖాళీ గిన్నెలు చూస్తే ధైర్యంగా ఉండేది. తెగేదాకా లాగరులే, ఒకనాటికి ఇటువాడు అటు తిరుగుతాడు, అటాయన ఇటు తిరుగుతారు అనుకునేదాన్ని. ఆ ఒక్క ఆశ మీదే బతికాను.

ఆ మధ్యలో తమ్ముడు ఒక పిటిషను వేశాడు. గెలవడానిక్కాదు. ‘నెలకోసారన్నా కరెంటిచ్చి తిప్పకపోతే బాక్స్ పాడైపోద్దక్కా. దాన్నొక్కదాన్ని బయట పెట్టనివ్వమని అడిగా. బావకి నువ్వన్నా చెప్పు’ అన్నాడు. చెప్పాను. అన్నం వడ్డిస్తూ చెప్పాను, మంచం దులుపుతూ చెప్పాను, చివరికి కసిరి కూడా చెప్పాను. ‘అది లాయరు చూసుకుంటాడు’ అన్నారు ఆయన. లాయరు బాగానే చూసుకున్నాడు. బాక్స్ పేరుతో భవనం స్వాధీనం చేసుకోవడానికి ఇదొక ఎత్తుగడ అని అభ్యంతరం దాఖలు చేశాడు. ఆ కాగితం మీద మా ఆయన సంతకం ఉంది. పిటిషను వాయిదాల్లో పడి, వేసవి సెలవుల దాకా సాగింది.

మే నెల. పోయినేటి వడగాల్పులు మీకు గుర్తుండే ఉంటాయి. నందిగామలో రోడ్డు మీద తారు చెప్పులకు అంటుకునేది. తమ్ముడు పొద్దున్నే అనుమంచిపల్లిలో పెళ్లి పందిరికని పోయాడు. మిట్టమధ్యాహ్నం దాకా కర్రలు పాతి, ఇంటికొచ్చి చెంబెడు మజ్జిగ తాగి, కాస్త నడుం వాలుస్తానన్నాడట. సాయంత్రం టీకి లేపబోతే లేవలేదు. మరదలు ఫోనులో ‘వదినా’ అని ఒక్క మాట అంది. ఆ తర్వాత ఫోనులోంచి ఏడుపే వినపడింది. నేను చెప్పులు లేకుండా ఆ కాలే రోడ్డు మీద ఎలా పోయానో నాకు తెలియదు. నా చేతుల్లో పెరిగినవాడు. చాప మీద, మైకు వైర్ల చుట్టల పక్కన, నోరు కొద్దిగా తెరుచుకుని ఉన్నాడు. ఏదో అడగబోతున్నట్టే ఉన్నాడు. అయ్యో తమ్ముడా, నీకంటే ముందు పుట్టి ఇంకా నేనెందుకున్నానురా అని గుండెలు బాదుకున్నాను.

వాడికి ఒక్కతే కూతురు. బ్యాంకు ఉద్యోగం వచ్చి అరుణాచల్‌లో ఎక్కడో కొండల్లో పోస్టింగు వేశారు. వర్షాలకు కొండచరియలు పడి దారి ఆగిపోయిందట. విమానం ఉన్న ఊరికి చేరి, హైదరాబాదులో దిగి, కారులో వచ్చేసరికి మూడో రోజు తెల్లవారుతుందని లెక్కేశారు. ఊళ్లో ఉన్న అద్దె పెట్టెలు ఎండదెబ్బకి పోయినవాళ్ల ఇళ్లల్లో ఉన్నాయి. విజయవాడ నుంచి ఒకటి తెప్పిద్దామని ఎవరో అంటే మరదలు తలెత్తింది. ‘ఆయన తెచ్చిన పెట్టె ఉందిగా. ఆయన్ని అందులోనే పెట్టండన్నయ్యా’ అంది, మా ఆయన వంక చూస్తూ. అంతా ఆయన వంకే చూశారు.

మా ఆయన పక్కకు పోయి లాయరుకి ఫోను చేశారు. అంత దుఃఖంలోనూ నాకు ఒళ్లు మండిపోయింది. ఆయన స్పీకరు పెట్టుకుంటారు, చెవి కాస్త తక్కువ. ‘కోర్టు సెలవులండి, ఇప్పుడు పర్మిషన్ కుదరదు. తాళం ముట్టుకుంటే కంటెంప్ట్, కోర్టు ధిక్కారం అవుద్ది. ఎదుటి పక్షం రేపు దాన్నే పట్టుకుంటారు’ అన్నాడు లాయరు. మా ఆయన ఫోను నోటి దగ్గరికి తెచ్చుకున్నారు. ‘ఎదుటి పక్షం ఇక్కడ చాప మీద పడుకుని ఉన్నాడండీ’ అన్నారు. అయినా తాళంచెవి చేతిలో పట్టుకుని అలాగే నిలబడ్డారు. అప్పుడు నేనన్నాను, వీధంతా వినేటట్టే అన్నాను: ‘తాళం తీస్తారా, గొడ్డలి తెమ్మంటారా?’ మరదలు లేచి, తమ్ముడి మొలతాడుకు కట్టి ఉన్న తాళంచెవి విప్పి ఆయన చేతిలో పెట్టింది. ఆయనే పోయి, రెండు తాళాలూ ఆయన చేత్తోనే తీశారు.

లోపల దుమ్ము, గబ్బిలాల కంపు. బాక్స్ వైరు ఎలుకలు కొరికేశాయి. చర్చి వీధి కుర్రాళ్లలో ఒకతను ఎలక్ట్రీషియను, కన్నీళ్లు కారుతుంటే తుడుచుకోకుండానే కొత్త వైరు వేశాడు. స్విచ్చి వేస్తే గుర్రుమని మోగింది, ఎర్ర లైటు వెలిగింది. హమ్మయ్య అనుకున్నాం. పెట్టె ఇంటికి చేర్చి వాణ్ణి అందులో పడుకోబెట్టాం. మా ఆయన బాక్స్ పక్కన నేల మీద కూర్చుని, అద్దం మీద చెయ్యి వేసి ‘ఒరేయ్’ అన్నారు. వాళ్ల మధ్య మాటలు ఆగిన తర్వాత ఆయన వాడితో అన్న మొదటి మాట అది. ఆ రాత్రంతా అక్కణ్ణించి లేవలేదు.

పొద్దున్నే నేను పువ్వులు సర్దుతూ అద్దం మీద చెయ్యి పెట్టాను. అద్దం వెచ్చగా ఉంది. మోటారు తిరుగుతోంది, లైటు వెలుగుతోంది, చల్లదనం మాత్రం లేదు. వాడకుండా మూసి పెట్టడంతో గ్యాసు ఎప్పుడో పోయిందట. మూత తీసేసరికి... వద్దు, అది చెప్పను. చర్చి వీధి కుర్రాళ్లు ఐసు ఫ్యాక్టరీకి పరిగెత్తి దిమ్మలు మోసుకొచ్చారు, ఊకలో పేర్చారు. ఆ ఎండకి అవి మా కళ్ల ముందే నీళ్లయిపోయాయి. విజయవాడ పెట్టె తెప్పిద్దామన్నా, ఆస్పత్రికి తీసుకుపోదామన్నా అప్పటికే ఆలస్యమైపోయింది. మధ్యాహ్నానికి పెద్దలు ఇక లాభం లేదన్నారు. మేనకోడలికి వీడియో కాల్ చేసి ముఖం చూపించబోతే కొండల్లో సిగ్నలు తెగిపోయింది, ‘నాన్నా’ అన్న కేక సగంలో ఆగింది. పాలివాళ్ల అబ్బాయి తలకొరివి పెట్టాడు. పొద్దు గూకకముందే అంతా అయిపోయింది. మా ఆయన పాడె ముందు కొమ్ము పట్టారు. వద్దండీ, మీకు మోకాళ్ల నొప్పులని ఎవరో అంటే విసురుగా తోసేశారు.

మూడో రోజు తెల్లవారుతుండగా కారు ఆగింది. పిల్ల దిగింది. నలిగిన బట్టలు, కాళ్లకి ఆ కొండల ఎర్రమట్టి ఇంకా ఎండిపోయి ఉంది. పందిరి కిందికి వచ్చి చుట్టూ చూసింది. బాక్స్ ఉండాల్సిన చోట తడి నేల, కాసిని ఊక, ఒక దీపం. దానికి అర్థమైంది. కోపం రాలేదు, అరవలేదు. వచ్చి మా ఆయన ముందు నిలబడి, ‘మావయ్యా, ఒక్క రాత్రి ఆపలేకపోయారా?’ అని అడిగింది. చిన్నపిల్లలు అడుగుతారే, నిజంగా తెలుసుకోవడానికి, అలా అడిగింది. ఆయన దగ్గర ప్రతిదానికీ ఒక రూలు ఉంటుంది, దీనికి లేదు. దాని కాళ్ల దగ్గర కూలబడి, ఆ ఎర్రమట్టి మీద చేతులు పెట్టి ఏడ్చారు. మా నలభై ఏళ్ల కాపురంలో నేను ఆయన్ని అలా చూడలేదు. నాకు ఆయన మీద జాలి రాలేదు ఆ పొద్దున. ఇప్పుడు వస్తుంది, ఒక్కోసారి.

కేసు మాత్రం చావలేదు. సంఘం పేరు మీద ఉంది గదా, మనిషి పోయినా నడుస్తుందట. మా ఆయన దావా వెనక్కి తీసుకుంటానంటే పక్కనున్న వాదులు ఒప్పుకోలేదు. ఆయన ఒక్కరే తన పేరు తీయించుకోవడానికి వాయిదాలకు తిరిగారు. నేను కేరియరు ఒకటే కట్టాను. చివరికి ఈ ఉగాది అయ్యాక తేలింది. ఆ సాయంత్రం నందిగామ నుంచి వచ్చి, చెప్పులు విడవకుండానే అరుగు మీద కూర్చున్నారు. ఏం తేల్చారండీ అని అడిగాను. ‘తేల్చడానికి ఏమీ లేదన్నారు. ఏ కమిటీ కోసం తగువాడుకున్నామో ఆ కమిటీ గడువు కూడా ఉగాదితో అయిపోయింది గదా. కొట్టేశారు’ అన్నారు. ఆయన నోట గడువు అన్న మాట రావడం ఆ రోజే ఆఖరు. నేను మంచినీళ్లు ఇచ్చాను, తాగి గ్లాసు కింద పెట్టారు. వీధిలో చర్చి వీధి కుర్రాళ్లు బంతి పట్టుకుని పోతూ, మా ఇంటి ముందుకి వచ్చేసరికి మాటలు తగ్గించుకున్నారు.

వారం రోజులు ఎక్కువ కూర్చున్నాడని వాడి మీద దావా వేశాం. తీరా వాడు పోయాక, ఒక్క రాత్రి ఎక్కువ ఉంచుకోవడం మా వల్ల కాలేదు.